మీ ఫోన్‌లో సిగ్నల్ ఎంతుందో నంబర్‌తో చూసుకోండి

కొత్తగూడెంలో నాకు చిన్న మొబైల్ రిపేర్ షాపుంది. అంతకుముందు డ్రైవ్ టెస్ట్ పని చేసేవాణ్ణి. కారులో ల్యాప్‌టాప్ ఒళ్లో పెట్టుకుని, దానికి ఫోన్లు తగిలించి, ఇల్లందు రోడ్డూ చర్ల రోడ్డూ తిరుగుతూ ఎక్కడెక్కడ సిగ్నల్ ఎంత ఉందో రికార్డు చేయడమే ఆ పని. ఇప్పుడు ఎవరైనా షాపుకొచ్చి "అన్నా, టవర్ రావట్లేదు" అంటే నేను స్క్రీన్ పైన కనిపించే గీతలను పట్టించుకోను. లోపల ఉండే నంబర్ చూస్తాను. అది చూడటం మీకూ వస్తే తప్పు ఫోన్‌దా, ఇంటిదా, టవర్‌దా అన్నది చాలావరకు మీరే తేల్చుకోవచ్చు. చాలామందికి నా షాపు మెట్లెక్కే పనే ఉండదు. ఇలా చెప్పడం నా వ్యాపారానికి మంచిది కాదు, అయినా సరే.

గీతలతో చిక్కేమిటంటే, ఎంత సిగ్నల్‌కి ఎన్ని గీతలు చూపించాలన్న దానికి అందరూ పాటించే లెక్క ఒకటి లేదు. ఫోన్ కంపెనీ ఒకలా పెట్టుకుంటుంది, ఆపరేటర్ ఇంకోలా మార్చుకోవచ్చు. ఆండ్రాయిడ్ మూల కోడ్‌లో 4జీకి ముందుగా రాసి ఉన్న విలువల ప్రకారం సిగ్నల్ నంబర్ (ఇది మైనస్‌లో ఉంటుంది, సున్నాకి దగ్గరైతే బలం) -98 గానీ అంతకన్నా మెరుగ్గా గానీ ఉంటే నాలుగు గీతలూ నిండుతాయి. -108 వరకు మూడు, -118 వరకు రెండు, -128 వరకు ఒకటి. అంటే టవర్ కింద నిలబడి -60 వచ్చినవాడికీ, ఇంట్లో -97తో నెట్టుకొస్తున్నవాడికీ ఫోన్ ఒకేలా నిండు గీతలు చూపిస్తుంది. ఆ ఇద్దరికీ అందే సిగ్నల్‌లో తేడా దాదాపు 5000 రెట్లు. అంతటితో అయిపోలేదు, ఆపరేటర్ కోరుకుంటే ఒక గీత ఎక్కువ చూపించే ఏర్పాటు కూడా ఆ కోడ్‌లోనే ఉంది. 2010లో ఐఫోన్ 4ని ఒక పద్ధతిలో పట్టుకుంటే సిగ్నల్ పడిపోతోందని గొడవైనప్పుడు, గీతలు లెక్కించే తమ సూత్రమే పూర్తిగా తప్పని, చాలాసార్లు ఉండాల్సిన దానికన్నా రెండు గీతలు ఎక్కువ చూపిస్తోందని ఆపిల్ కంపెనీయే ఒప్పుకుంది.

నంబర్ ఎక్కడుంటుంది

ఆండ్రాయిడ్ ఫోన్‌లో సెట్టింగ్స్ తెరిచి, చివరికంటా కిందికి వెళ్లి, అబౌట్ ఫోన్ నొక్కండి. అందులో స్టేటస్ అనో స్టేటస్ ఇన్ఫర్మేషన్ అనో ఉంటుంది. దానిలో సిమ్ స్టేటస్. రెడ్‌మీ, పోకో ఫోన్లలో మధ్యలో ఆల్ స్పెక్స్ అనే మెట్టు ఇంకొకటి ఉంటుంది. రెండు సిమ్‌లు వేసుకుంటే రెండింటికీ వేర్వేరు పేజీలు కనిపిస్తాయి, మీకు కావాల్సిన సిమ్ పేజీయే తెరిచారో లేదో చూసుకోండి. అక్కడ సిగ్నల్ స్ట్రెంత్ దగ్గర "-97 డీబీఎం 43 ఏఎస్‌యూ" లాంటిది ఒకటి కనిపిస్తుంది. మనకు కావాల్సింది మొదటిది. రెండోది వేరే సమాచారమేమీ కాదు, 4జీలో మొదటి నంబర్‌కి 140 కలిపితే వచ్చేదే అది.

ఈ పేజీ దొరక్కపోతే డయలర్ తెరిచి *#*#4636#*#* కొట్టండి. చివరి గుర్తు పడగానే, కాల్ బటన్ నొక్కకుండానే, టెస్టింగ్ అని ఒక మెనూ తెరుచుకుంటుంది. అందులో ఫోన్ ఇన్ఫర్మేషన్ అన్నదాంట్లో సిగ్నల్ వివరాలు ఇంకాస్త ఎక్కువగా ఉంటాయి. శామ్‌సంగ్ ఫోన్లలో చాలావాటికి ఇది పనిచేయదు. వాటిలో *#0011# కొట్టి చూడండి. నల్లటి స్క్రీన్ మీద చిన్న చిన్న అక్షరాలతో వరసగా లైన్లు వస్తాయి, చూడగానే కంగారు పడకండి. ఆర్‌ఎస్‌ఆర్‌పీ అని రాసి ఉన్న లైను ఒక్కటి వెతికి పట్టుకోండి, చాలు. 4జీలో సిగ్నల్ బలం చెప్పే నంబర్ పేరే అది.

ఒక జాగ్రత్త. 4636 మెనూలో చూడటమే తప్ప వేటినీ మార్చొద్దు. అందులో ప్రిఫర్డ్ నెట్‌వర్క్ టైప్ అని ఉంటుంది. స్పీడ్ పెరుగుతుందని ఏదో వీడియోలో చెప్పారట, దాన్ని ఎల్‌టీఈ ఓన్లీకి, అంటే 4జీ మాత్రమే వాడేలా మార్చి, ఆ సంగతే మర్చిపోయి, వారం తర్వాత "కాల్స్ రావట్లేదు" అంటూ వచ్చేవాళ్లున్నారు. వోల్టీఈ (4జీ మీదే కాల్స్ నడిచే పద్ధతి) ఆన్‌లో లేని సిమ్‌కి కాల్ రావాలంటే ఫోన్ 2జీకో 3జీకో దిగాలి. ఎల్‌టీఈ ఓన్లీ పెడితే ఆ దారి మూసుకుపోతుంది. అదే మెనూలో మొబైల్ రేడియో పవర్ అనే స్విచ్ ఉంటుంది, దాని జోలికీ వెళ్లొద్దు.

ఐఫోన్‌లో అయితే *3001#12345#* కొట్టి కాల్ బటన్ నొక్కాలి. ఫీల్డ్ టెస్ట్ అనే తెర వస్తుంది. ఐఓఎస్ వెర్షన్ మారినప్పుడల్లా దాని రూపం మారుతూనే ఉంది. ఎల్‌టీఈ విభాగంలో సర్వింగ్ సెల్ అన్న మాట ఉన్న చోట నొక్కుకుంటూ వెళ్తే ఎక్కడో ఒకచోట ఆర్‌ఎస్‌ఆర్‌పీ దొరుకుతుంది. ఆండ్రాయిడ్‌లో ఇలాంటి వివరాలు చూపించే యాప్‌లు బోలెడున్నాయి గానీ, ఐఫోన్‌లో బయటి యాప్‌లకు ఆ సమాచారం ఇవ్వరు. అక్కడ ఈ కోడ్ తప్ప వేరే గతి లేదు.

చూసేముందు వైఫై ఆపేయండి. ఏరోప్లేన్ మోడ్ ఒకసారి వేసి తీసేయండి. దాంతో ఫోన్ పాత టవర్‌ని పట్టుకుని వేలాడకుండా కొత్తగా వెతుక్కుంటుంది. ఆ తర్వాత ఒక అర నిమిషం ఆగి చదవండి. కదలకుండా నిలబడ్డా నంబర్ మూడు నాలుగు పాయింట్లు అటూ ఇటూ ఊగుతుంది, అది మామూలే. ఎక్కువసేపు ఏ నంబర్ దగ్గర నిలుస్తోందో దాన్నే రాసుకోండి.

మైనస్ గుర్తు దగ్గరే అందరూ తికమకపడేది

"అన్నా, మా ఇంట్లో 115 వస్తోంది, మా పక్కింట్లో 85యే. మాదే ఎక్కువ కదా, మరి కాల్ ఎందుకు కట్ అవుతోంది?" అని అడుగుతారు. ముందున్న మైనస్‌ని వదిలేసి చదవడంతో వచ్చిన తిప్పలిది. -85 అంటే మంచి సిగ్నల్, -115 అంటే చావుబతుకుల్లో ఉన్న సిగ్నల్. సున్నాకి ఎంత దగ్గరైతే అంత బలం. సున్నా డీబీఎం అంటే ఒక మిల్లీవాట్, ఫోన్‌కి అంత ఎప్పుడూ అందదు. -100 అంటే ఎంతో తెలుసా? ఒక వాట్‌ని పది లక్షల కోట్ల ముక్కలు చేస్తే అందులో ఒక్క ముక్క. అంత కొంచెంతోనే మన కాల్స్ నడుస్తున్నాయి. డ్రైవ్ టెస్ట్ చేసే రోజుల్లో ఈ లెక్క తలుచుకున్నప్పుడల్లా ఫోన్ మీద గౌరవం పెరిగేది.

ఇది మామూలు కూడికల లెక్క కాదు. పది తగ్గితే సిగ్నల్ పదో వంతుకి పడిపోయిందని అర్థం. ఇరవై తగ్గితే వందో వంతు. మూడు తగ్గితే సగం. అందుకే -90 నుంచి -100కి వస్తే "పదే కదా తగ్గింది" అనుకోకూడదు.

4జీకి నేను వాడే కొలత చెప్తాను. -80 కన్నా మెరుగ్గా ఉంటే సిగ్నల్ గురించి ఆలోచించాల్సిన పనే లేదు. -80 నుంచి -95 దాకా హాయిగా నడుస్తుంది. -95 నుంచి -105 మధ్య కాల్స్ బాగానే ఉంటాయి, వీడియో ఒక్కోసారి ఆగుతుంది. -105 దాటి -115 వైపు వెళ్తుంటే ఇంట్లో ఒక మూల నుంచి ఇంకో మూలకి నడిస్తేనే మాట తెగుతుంది. -115 దాటాక ఉన్నా లేనట్టే, -120 తర్వాత ఏ క్షణాన పోతుందో చెప్పలేం. ఇవి గీత గీసినట్టుండే హద్దులు కావు, అనుభవంలో తేలిన అంచనాలు. 2జీ నంబర్లకు మాత్రం ఈ కొలత వాడకండి. అక్కడ కొలిచేది వేరే. 2జీలో -95 అంటే ఇబ్బంది మొదలైనట్టే.

5జీ గుర్తు కనిపిస్తున్నప్పుడు ఇంకో మెలిక ఉంది. మన దేశంలో ఎయిర్‌టెల్ 5జీ ఎక్కువగా 4జీని ఆసరా చేసుకుని నడిచే పద్ధతిలో మొదలైంది. జియోది దేనిమీదా ఆధారపడకుండా సొంతంగా నడిచే 5జీ. మొదటి పద్ధతిలో స్క్రీన్ పైన 5జీ అని ఉన్నా, సిమ్ స్టేటస్‌లో కనిపించే నంబర్ ఆసరాగా ఉన్న 4జీది కావచ్చు. యాప్‌లో చూస్తే రెండూ విడివిడిగా తెలుస్తాయి.

నంబర్ బాగుంది, నెట్ మాత్రం కదలదు

శ్రీరామనవమి కల్యాణం రోజు భద్రాచలం వెళ్లిన వాళ్లందరికీ ఇది అనుభవమే. మిథిలా స్టేడియం దగ్గర నిలబడితే గీతలు నిండా ఉంటాయి. నంబర్ చూస్తే -70. కానీ ఇంటికి ఒక ఫొటో పంపుదామంటే గంట సేపు గుండ్రంగా తిరుగుతూనే ఉంటుంది. టవర్ గొంతు మనకు గట్టిగానే వినిపిస్తోంది, కానీ అదే టవర్‌తో ఒకేసారి వేలమంది మాట్లాడాలని చూస్తున్నారు. ఆర్‌ఎస్‌ఆర్‌పీ చెప్పేది ఆ గొంతు ఎంత గట్టిగా ఉందన్నది మాత్రమే. అక్కడ రద్దీ ఎంత, రొద ఎంత అన్నది దానికి తెలియదు.

అందుకని ఇంకో రెండు నంబర్లు చూడాలి. ఒకటి ఆర్‌ఎస్‌ఆర్‌క్యూ, ఇది నాణ్యత చెప్తుంది. -10 కన్నా మెరుగ్గా, అంటే -9, -8 అలా ఉంటే మంచిది. -15 దాటి -17, -18 అయిందంటే అక్కడ టవర్ మీద భారం ఎక్కువగా ఉందన్నా అనుకోవాలి, పక్క టవర్ల సిగ్నల్ వచ్చి కలుస్తోందన్నా అనుకోవాలి. రెండోది ఎస్‌ఐఎన్‌ఆర్, కొన్ని ఫోన్లలో ఎస్‌ఎన్‌ఆర్ అని ఉంటుంది. మనకు కావాల్సిన సిగ్నల్ చుట్టూ ఉన్న రొద కన్నా ఎంత పైన ఉందో ఇది చెప్తుంది. ఇక్కడ మైనస్ లేకుండా ఎంత పెద్ద నంబరుంటే అంత మంచిది. 20 ఉంటే భేష్, 10 పైన ఉంటే బాగున్నట్టు, సున్నాకి కిందికి పోయిందంటే స్పీడ్ మీద ఆశ వదులుకోవాలి.

నన్నడిగితే స్పీడ్ విషయంలో మొదటి నంబర్ కన్నా ఈ చివరిదానికే ఎక్కువ మార్కులేస్తాను. పల్లెటూళ్లో -104 ఉండి ఎస్‌ఐఎన్‌ఆర్ 15 ఉన్న ఇంట్లో సినిమా ఆగకుండా నడవడం చూశాను. హైదరాబాద్‌లో మియాపూర్ వైపు మా తమ్ముడి ఫ్లాట్ పదో అంతస్తులో. బాల్కనీలో నిలబడితే నాలుగైదు టవర్లు కంటికి కనిపిస్తాయి, నంబర్ -78. ఎస్‌ఐఎన్‌ఆర్ మాత్రం 1, 2 దగ్గర కొట్టుకుంటుంది. అంత ఎత్తులో అన్ని టవర్లూ ఒకేసారి వినిపించి ఒకదాని మాట ఒకటి చెడగొట్టుకుంటాయి. ఆ ఫ్లాట్‌లో నెట్ హాల్లోకి వచ్చాకే మెరుగ్గా వస్తుంది. గోడలు మిగతా టవర్లను కాస్త అడ్డుకుంటాయి కదా.

ఇంట్లో నడిచి చూడాలి

మా మేనత్తది ఇల్లందు దగ్గర పల్లె. పాత పెంకుటిల్లు తీసేసి స్లాబ్ ఇల్లు కట్టుకున్నారు. "అల్లుడూ, కొత్తింట్లోకి వచ్చినకాడి నుంచి ఫోన్ మోగదు. టవరోడు మామీద అలిగిండా?" అని ఒకటే పోరు. వెళ్లినప్పుడు అత్త ఫోనే చేతిలో పట్టుకుని, సిమ్ స్టేటస్ పేజీ తెరిచి, వాకిట్లో నుంచి మొదలుపెట్టాను.

వాకిట్లో వేపచెట్టు కింద -93. వరండాలో గ్రిల్ దాటి లోపలికొస్తే -97. హాల్లో -106. అత్త రోజంతా ఉండే వంటింట్లో -117, ఒక్కోసారి నంబరే మాయమై నో సర్వీస్. అదే గోడకి అవతల పెరట్లోకి వెళ్తే -101. డాబా మీదికెక్కితే -84. అంటే టవర్‌లో లోపమేమీ లేదు, ఊళ్లో సిగ్నల్ ఉంది. ఇంటి ముందు నుంచి వంటింటికి వచ్చేసరికి 24 పోయింది, 200 రెట్లకు పైగా తగ్గినట్టు. ఎందుకో చుట్టూ చూస్తే తెలిసిపోయింది. వంటింటికి మూడు పక్కలా గోడలు, పైన ఇనుప చువ్వల స్లాబ్, ఆ పైన సరిగ్గా అక్కడే వెయ్యి లీటర్ల నీళ్ల ట్యాంకు. ఒకే ఒక్క కిటికీ ఉంటే దానికి లోపలివైపు రేకు తలుపు. ఇనుమూ నీళ్లూ, సిగ్నల్‌ని తినేవాటిలో రెండూ అక్కడే ఉన్నాయి. పాత పెంకుటింట్లో ఇవేవీ లేవు.

కిటికీ రేకు తలుపు తెరిచి మళ్లీ చూశాను. -109. ఫోన్‌ని గట్టు మీద నుంచి తీసి కిటికీ అంచున పెడితే -103. ఇక అక్కడే ఒక చిన్న చెక్క బల్ల కొట్టించి, పక్కన ఛార్జర్ ప్లగ్ పెట్టించాం. అత్త వంట చేస్తూ ఫోన్ అక్కడ పెడుతుంది, స్పీకర్ వేసి మాట్లాడుతుంది. ఖర్చు రెండొందలు కాలేదు. దీనికి ముందు మా బావ కొత్త ఫోన్ కొనిద్దామని పదిహేను వేలు పక్కన పెట్టి ఉంచాడు.

మీరూ ఇలాగే చేయండి. ఒక కాగితం మీద ఇంటి గదులు గీసుకుని, ప్రతి గదిలో నంబర్ రాయండి. వాకిలి, డాబా కూడా రాయండి, అసలు సంగతి తేలేది వాటితోనే. బయట బాగుండి లోపల పడిపోతే అది ఇంటి సమస్య. బయట కూడా -112 ఉంటే అది టవర్ దూరం సమస్య, ఇంట్లో ఎంత సర్దినా లాభం లేదు. బయటా లోపలా నంబర్ బాగుండి సాయంత్రం ఏడు నుంచి పది దాకా మాత్రమే నెట్ నత్తనడక నడిస్తే అది రద్దీ. ఇంకొకటి, ఫోన్‌ని అరచేత్తో కింది భాగం మూసేసి పట్టుకోకండి. చాలా ఫోన్లలో ముఖ్యమైన యాంటెన్నా అక్కడే ఉంటుంది, పట్టు మారిస్తేనే నాలుగైదు పాయింట్లు మారిపోతాయి. కారులో అయస్కాంతం స్టాండుకి అతికించడానికి కవర్ లోపల ఇనుప పలక పెట్టుకుంటారే, అదీ ఇలాంటిదే.

ఫోన్‌దే తప్పయితే

ఇది తేల్చడానికి సులువైన పద్ధతి ఒకటుంది. అదే కంపెనీ సిమ్ ఉన్న ఇంకో ఫోన్ తెప్పించి, రెండింటినీ ఒకే బల్ల మీద పక్కపక్కనే పెట్టి, రెండింట్లో నంబర్ చూడండి. ఐదారు పాయింట్ల తేడా ఉంటే పట్టించుకోవద్దు, మోడల్‌ని బట్టి ఉంటుంది. పదిహేను, ఇరవై తేడా వస్తే మీ ఫోన్‌లో ఏదో ఉంది.

పాల్వంచ నుంచి ఒకమ్మాయి వచ్చింది. డిస్‌ప్లే పగిలితే ఎక్కడో మార్పించుకుందట, అప్పటి నుంచి సిగ్నల్ లేదు. డిస్‌ప్లే మార్చిన షాపువాళ్లు "నెట్‌వర్క్ ప్రాబ్లమ్, సిమ్ మార్చుకో" అన్నారట. సిమ్ మార్చింది, ఏమీ మారలేదు. నా ఫోన్ పక్కన పెట్టి చూస్తే నాది -82, ఆమెది -110. వెనక మూత తీశాను. ఈ ఫోన్లలో కింద ఛార్జింగ్ పిన్ ఉండే చిన్న బోర్డు, పైన పెద్ద బోర్డు ఉంటాయి. కింది యాంటెన్నా నుంచి పై బోర్డుకి సిగ్నల్ తీసుకెళ్లడానికి నూలుపోగు కన్నా కాస్త లావుండే నల్లటి వైరొకటి అంచు వెంబడి వెళ్తుంది. దాని రెండు కొసలకీ ఆవగింజంత బంగారు రంగు గుండీలు. అవి బోర్డు మీదున్న గుంటలో టక్‌మని కూర్చోవాలి. పై కొస ఊడి బ్యాటరీ మీద పడి ఉంది. పటకారుతో పట్టి, వేలి గోరుతో నొక్కాను. మూత పెట్టకముందే -84 చూపించింది. దీనికి డబ్బులు తీసుకోవడానికి మనసొప్పలేదు.

డిస్‌ప్లే, బ్యాటరీ మార్పించుకునేటప్పుడు ఫోన్ ఇచ్చేముందు ఒకసారి నంబర్ చూసుకోండి. పని అయ్యాక అదే కౌంటర్ దగ్గర నిలబడి మళ్లీ చూడండి. పది పైన తగ్గితే అక్కడే అడగండి, ఇంటికెళ్లాక అడిగితే ఎవరూ ఒప్పుకోరు.

ఏ టవర్, ఏ బ్యాండ్

ఇంకా లోతుకి వెళ్లాలనుకుంటే ఆండ్రాయిడ్‌లో నెట్‌మాన్‌స్టర్ గానీ సెల్‌మ్యాపర్ గానీ వేసుకోండి. లొకేషన్ పర్మిషన్ అడుగుతాయి. అది లేకుండా టవర్ వివరాలు ఇవ్వొద్దని ఆండ్రాయిడ్ నియమం, భయపడాల్సిందేమీ లేదు. ఇందులో బ్యాండ్ నంబర్, అంటే మీ ఫోన్ ఏ తరంగాల వరసలో టవర్‌తో మాట్లాడుతోందో చెప్పే నంబర్ కనిపిస్తుంది. బ్యాండ్ 5 అంటే 850 మెగాహెర్ట్జ్, 8 అంటే 900, 3 అంటే 1800, 40 అంటే 2300. బీఎస్‌ఎన్‌ఎల్ 4జీ ఎక్కువగా 700లో ఉండే బ్యాండ్ 28, 2100లో ఉండే బ్యాండ్ 1 మీద నడుస్తుంది. చిన్న నంబర్ మెగాహెర్ట్జ్‌లు దూరం వెళ్తాయి, గోడలు దాటతాయి. పెద్దవి స్పీడ్ ఇస్తాయి గానీ గోడ దగ్గరే చతికిలబడతాయి. డాబా మీద 40వ బ్యాండ్‌లో ఉన్న ఫోన్ కిందికి దిగగానే 5కి మారడం తెరమీదే కనిపిస్తుంది. కింద నంబర్ బాగానే ఉండి స్పీడ్ పడిపోయిందంటే కారణం చాలాసార్లు ఇదే, ఆ కింది బ్యాండ్‌లలో ఆపరేటర్ల దగ్గరున్న స్పెక్ట్రమ్, అంటే వాడుకోవడానికి దొరికిన తరంగాల వాటా తక్కువ.

కొన్ని ఫోన్లలో టీఏ అని కూడా ఒక నంబర్ వస్తుంది. 4జీలో దాన్ని 78తో గుణిస్తే టవర్ ఎన్ని మీటర్ల దూరంలో ఉందో దాదాపుగా తెలుస్తుంది. టీఏ 26 ఉంటే రెండు కిలోమీటర్లు. ఇంటి పక్కనే టవర్ పెట్టుకుని టీఏ 40 చూపిస్తోందంటే, ఆ పక్క టవర్ మీ కంపెనీది కాకపోవచ్చు. టెలికాం శాఖ వాళ్ల తరంగ్ సంచార్ పోర్టల్‌లో మ్యాప్ మీద మీ చుట్టుపక్కల టవర్లు చూసుకోవచ్చు. 2024లో టెలికాం నియంత్రణ సంస్థ ట్రాయ్ తెచ్చిన నిబంధనలతో ఆపరేటర్లు కూడా తమ వెబ్‌సైట్లలో కవరేజీ మ్యాపులు పెట్టాల్సి వచ్చింది. అయితే మ్యాప్‌కి మీ ఇంటి నీళ్ల ట్యాంకు సంగతి తెలియదు.

"మాకు వాళ్ల మాట బాగా వినిపిస్తోంది, మా మాట వాళ్లకి వినబడట్లేదు" అనే ఫిర్యాదుకీ జవాబు ఇక్కడే ఉంది. టవర్ ఒక్కో బ్యాండ్‌లో ఇరవై, నలభై వాట్లతో అరుస్తుంది. మన ఫోన్ గట్టిగా అరిచినా 0.2 వాట్. -112 దగ్గర టవర్ మాట ఫోన్‌కి చేరుతుంది, ఫోన్ మాట టవర్‌కి చేరకపోవచ్చు. పైగా సిగ్నల్ తగ్గేకొద్దీ ఫోన్ తన శక్తంతా పెట్టి అరుస్తుంది కాబట్టి బ్యాటరీ తొందరగా అయిపోతుంది, ఫోన్ వేడెక్కుతుంది.

ఇక ఏం చేయాలి

ఇంట్లో వైఫై ఉంటే సెట్టింగ్స్‌లో వైఫై కాలింగ్ ఆన్ చేయడం అన్నిటికన్నా ముందు చేయాల్సింది. పైసా ఖర్చు లేదు. ఎయిర్‌టెల్, జియోలు 2019 చివర, 2020 మొదట్లో దీన్ని మొదలుపెట్టాయి, ఇప్పుడొస్తున్న ఫోన్లలో దాదాపు అన్నిట్లో ఉంది. వంటింట్లో -117 ఉన్నా కాల్ మాత్రం వైఫై మీద శుభ్రంగా వెళ్తుంది.

సిగ్నల్ బూస్టర్ అని ఆన్‌లైన్‌లో అమ్మే డబ్బాలు మాత్రం కొనొద్దు. లైసెన్సు లేకుండా వాటిని అమ్మడం, పెట్టుకోవడం మన దేశంలో నేరం. మీ గదిలో నాలుగు గీతలు పెంచి, టవర్ వినే వైపు రొద నింపి, వీధి మొత్తానికి సిగ్నల్ చెడగొడతాయి. డ్రైవ్ టెస్ట్ రోజుల్లో ఒక ఏరియాలో అందరి కాల్స్ తెగిపోతుంటే కారణం వెతుక్కుంటూ వెళ్లి ఒక లాడ్జి మిద్దెమీద ఇలాంటి డబ్బా దగ్గర తేలాం. ఇక ఫోన్‌లో వేసుకునే బూస్టర్ యాప్‌లు చేసేదల్లా నెట్‌వర్క్‌ని ఒకసారి ఆపి మళ్లీ తగిలించడమే. ఏరోప్లేన్ మోడ్ ఆ పని ప్రకటనల్లేకుండా చేస్తుంది.

బయట కూడా నంబర్ బాగా లేకపోతే 198కి ఫిర్యాదు చేయండి. "సిగ్నల్ రావట్లేదు" అని ఊరుకుంటే ఫోన్ ఆపి ఆన్ చేయమంటారు, అక్కడితో సరి. "ఇంటి బయట -116, ఆర్‌ఎస్‌ఆర్‌క్యూ -16, సెల్ ఐడీ ఇది, రోజూ సాయంత్రం ఇంతే, మా వీధిలో ఇంకో మూడు ఫోన్లలో కూడా ఇదే" అని చెప్పి చూడండి (సెల్ ఐడీ అంటే మీ ఫోన్ పట్టుకున్న టవర్‌ని గుర్తించే నంబర్, పైన చెప్పిన యాప్‌లలో కనిపిస్తుంది), అవతలి మనిషి మాట తీరు మారుతుంది. స్క్రీన్‌షాట్లు తీసి పెట్టుకోండి, డాకెట్ నంబర్, అంటే ఫిర్యాదుకి ఇచ్చే నంబర్ తప్పకుండా అడిగి రాసుకోండి. పని జరగకపోతే అదే నంబర్‌తో ఆ కంపెనీలోనే పైస్థాయిలో ఫిర్యాదులు వినే అప్పిలేట్ అథారిటీకి వెళ్లొచ్చు.

పోర్ట్ అవుదామనుకుంటే, అంటే పాత నంబర్‌తోనే వేరే కంపెనీకి మారదామనుకుంటే, ఎవరో చెప్పారని అవ్వకండి. మారాలనుకుంటున్న కంపెనీ సిమ్ ఉన్న ఫోన్ చుట్టాల దగ్గరో స్నేహితుల దగ్గరో ఒక పూట అడిగి తెచ్చుకుని, మీరు పడుకునే గదిలో, వంటింట్లో, పనిచేసే చోట నంబర్లు చూడండి. సాయంత్రం కూడా చూడండి. పాత సిమ్ నంబర్ల పక్కన వీటిని రాసుకుంటే ఏది మేలో కాగితం మీదే తేలిపోతుంది. తేలాక, ఇప్పుడున్న కంపెనీలో 90 రోజులు నిండి ఉంటే, PORT అనే మాట, ఖాళీ వదిలి మీ నంబర్ టైప్ చేసి 1900కి మెసేజ్ పెట్టండి. వచ్చే కోడ్ మన దగ్గర నాలుగు రోజులే పనిచేస్తుంది, కాబట్టి కొత్త సిమ్ తీసుకోవడానికి వెళ్లే రోజే పెట్టండి.